మద్రాసు తీర్పు గుంటూరులో చెల్లుతుందా?

1954 జులై 5న గుంటూరులో ఆంధ్ర హైకోర్టు మొదలైంది. జడ్జీలున్నారు, వకీళ్లున్నారు, అప్పీళ్లున్నాయి. కానీ కొత్త కోర్టుకు తనదంటూ ఒక్క పాత తీర్పూ లేదు. ముందు రోజు దాకా కోస్తా, సీమ జిల్లాలకు పెద్ద కోర్టయిన మద్రాసు హైకోర్టు మాటకు ఇక్కడ కట్టుబడాలా, వద్దా?

ఆ ప్రశ్న ఫుల్ బెంచ్ ముందుకొచ్చింది. జులై 5కు ముందు మద్రాసు ఇచ్చిన తీర్పులను గుంటూరు పాటించాల్సిందేనని బెంచ్ తేల్చింది. ఎంతో మంచి నిర్ణయమది. మద్రాసు చెప్పిన న్యాయాన్ని నమ్ముకుని నెల్లూరులో పొలం కొన్న రైతుకు, రాష్ట్రం మారినంత మాత్రాన హక్కు మారిపోతే ఎలా?

ఈ కట్టుబాటుకు పుట్టిల్లు ఇంగ్లండు. 13వ శతాబ్దం చివర్లోనే అక్కడ కోర్టు వాదాలను రాసిపెట్టేవారు. అయితే చాలాకాలం అవి జడ్జీలకు ఆనవాళ్లే తప్ప ఆజ్ఞలు కావు. నమ్మదగ్గ అచ్చు రిపోర్టులు వచ్చాకే ముడి బిగిసింది. 1898లో లండన్ ట్రామ్‌వేస్ కేసులో, అప్పట్లో అక్కడి అత్యున్నత కోర్టయిన ప్రభువుల సభ (హౌస్ ఆఫ్ లార్డ్స్), తన పాత తీర్పును తాను కూడా మార్చుకోలేనంది. ఆ ముడిని 1966లో తానే సడలించుకుంది.

మన దేశంలో 1875 నాటి చట్టంతో ఇండియన్ లా రిపోర్ట్స్ సంపుటాలు మొదలయ్యాయి. 1935 భారత ప్రభుత్వ చట్టంలోని 212వ సెక్షను ప్రీవీ కౌన్సిల్, ఫెడరల్ కోర్టు చెప్పిన న్యాయాన్ని కింది కోర్టులన్నిటికీ శాసనం చేసింది. రాజ్యాంగం 141వ అధికరణంలో ఆ స్థానం సుప్రీంకోర్టుది. తీర్పులోని ప్రతి వాక్యమూ శాసనం కాదు. ఏ కారణం మీద కేసు తేలిందో అదొక్కటే కట్టుబాటు. అందుకే అప్పీలులో సగం వాదన, ఆ పాత కేసూ ఈ కేసూ ఒకటేనా అన్న దాని చుట్టూ తిరుగుతుంది. ఇద్దరు జడ్జీల బెంచ్‌కు మరో ఇద్దరు జడ్జీల తీర్పు నచ్చకపోతే కొట్టేయకూడదు, పెద్ద బెంచ్‌కు పంపాలి.

మరి పాత తీర్పే తప్పని తేలితే? గుంటూరు కోర్టు తొలి ప్రధాన న్యాయమూర్తి, రాజమండ్రిలో పుట్టిన కోకా సుబ్బారావుకే, తర్వాత సుప్రీంకోర్టు ప్రధాన న్యాయమూర్తిగా ఉన్నప్పుడు, ఆ పరీక్ష ఎదురైంది. ప్రాథమిక హక్కులను పార్లమెంటు సవరించవచ్చని 1951లో, 1964లో సుప్రీంకోర్టు చెప్పి ఉంది. 1967 ఫిబ్రవరి 27న గోలక్‌నాథ్ కేసులో 11 మంది బెంచ్, ఆరుగురు అటు ఐదుగురు ఇటుగా, ఆ రెంటినీ తిరగరాసింది. అలాగని భూసంస్కరణల కోసం అప్పటికే చేసిన సవరణలను సుబ్బారావు కదపలేదు. కొత్త న్యాయం ఇకముందుకే వర్తిస్తుందన్నారు. ఈ పద్ధతిని అమెరికా నుంచి తెచ్చారు గానీ, పాత మాటను నమ్మినవారిని నట్టేట ముంచకూడదన్న పట్టింపు మాత్రం గుంటూరు నాటిదే.

ఆరేళ్లకు, 1973 ఏప్రిల్ 24న, కేశవానంద భారతి కేసులో 13 మంది కూర్చుని గోలక్‌నాథ్‌నూ పక్కన పెట్టారు.