డిపో గేటు దగ్గర, ఐరావతి గట్టున

2011 సెప్టెంబరు 30, శుక్రవారం. పొద్దు గూకింది. విజయవాడ రోడ్డు మీద, హయత్‌నగర్ బస్ డిపో గేటు ముందు నిలబడి ఉన్నారు మీరు. లోపల బస్సులు వరసగా ఆగి ఉన్నాయి, అద్దాల మీద దుమ్ము పేరుకుపోయింది. ప్రత్యేక తెలంగాణ కోసం సాగుతున్న సకల జనుల సమ్మెకు ఇది పద్దెనిమిదో రోజు. సింగరేణి బాయిల్లో బొగ్గు తవ్వడం లేదు కాబట్టి కరెంటు ఎప్పుడుంటుందో, ఎప్పుడు పోతుందో చెప్పలేం. టెంటు కింద ఖాకీ చొక్కాలు. వెనక బస్తీలో ఆడవాళ్లు బతుకమ్మ ఆడుతున్నారు. రోడ్డు మీద బస్సుల రొద లేదు కదా, చప్పట్లు ఇక్కడిదాకా స్పష్టంగా వినిపిస్తున్నాయి.

మీ పక్కనున్న డ్రైవర్ ఫోన్ మోగింది. న్యూజెర్సీ నుంచి కొడుకు. అక్కడింకా పొద్దున తొమ్మిదిన్నర.

"నాయినా, జీతం రాలే గదా. పైసలు పంపనా?"

"ఇంట్ల బియ్యమున్నయ్ బిడ్డా. ఆ సంగతి ఇడిసిపెట్టు. ఢిల్లీకి కాయితం రాస్తమంటిరి, రాసిన్రా?"

"రాస్తున్నం. ఎంపీలందరికీ పంపుతం. ఏం రాయమంటవో చెప్పు."

ఆయన టెంటు గుంజకు ఆనుకుని నిలబడ్డాడు. "నల్లగొండ నీళ్లు రాయి. కృష్ణ మన పక్కపొంటే పాయె, మనకేమో బాయిల ఫ్లోరైడ్ నీళ్లాయె. మీ నాయినమ్మ నడుం ఎందుకొంగిందో రాయి. మన కొలువులల్లున్న బయటోళ్లను వాపస్ పంపే ఆరువందల పది జీవో ఎనభై అయిదుల వచ్చింది, ఇయ్యాల్టికీ ఎందుకు అమలుగాలేదో రాయి. తిట్లు రాయకు. లెక్క రాయి."

ఆ చివరి మాట వింటే ఎవరికైనా జయశంకర్ సార్ గుర్తుకొస్తారు. తెలంగాణ వాదాన్ని లెక్కలతో నిలబెట్టిన ఆ మనిషి పోయి అప్పటికి మూడు నెలలే. ఆ డ్రైవర్ కొడుకులాంటి ప్రవాసుల వేదికగా అమెరికాలో 1999లోనే తెలంగాణ డెవలప్‌మెంట్ ఫోరం పుట్టింది. వాళ్లకు ఇక్కడి ఎన్నికల్లో బలమేమీ లేదు. ప్రవాస భారతీయులు ఓటరు జాబితాలో పేరు రాయించుకునే వీలు ఆ ఏడాదే వచ్చింది. వచ్చినా, ఓటు వేయాలంటే విమానమెక్కి సొంతూరి బూత్‌కు రావాల్సిందే. అట్లా ఓటు అందని వాళ్లు ఉత్తరాలు రాశారు, సభలు పెట్టారు, వాళ్లున్న ఊళ్లలో బతుకమ్మ పేర్చారు. దూరదేశంలో ఉన్నవాడి గొంతును ఢిల్లీ ఎందుకు వినాలి? జీతం పోగొట్టుకుని ఈ గేటు ముందు కూర్చున్నవాళ్ల మాటను ఆ గొంతు మోస్తోంది గనక. ఇదే రోడ్డు మీద కొద్ది దూరంలో ఎల్బీనగర్ చౌరస్తా ఉంది. 2009 నవంబరు 29న శ్రీకాంతాచారి తెలంగాణ కోసం అక్కడే ఒంటికి నిప్పంటించుకున్నాడు. ఆ పిల్లాడి పేరు చెప్పకుండా ఏ ప్రవాస సభా మొదలు కాకూడదనిపిస్తుంది నాకు.

ఇక, ప్రవాసుల గొంతు ఇట్లాగే తోడైన మరో చోటుకు, తూర్పుకు పదండి. తేదీ మారలేదు. బర్మా ఉత్తరపు కొసన, కాచిన్ రాష్ట్రంలో, మలి, న్‌మై నదులు కలిసి ఐరావతిగా మారే మ్యిట్‌సోన్ గట్టున ఉన్నారు మీరు. చైనా కంపెనీ ఆరువేల మెగావాట్ల ఆనకట్ట కట్టబోతున్నది ఇక్కడే. కరెంటులో చాలా భాగం చైనాకు, మునక మాత్రం కాచిన్ ఊళ్లకు. కొన్ని ఊళ్లను ఖాళీ చేయించడం కూడా అయిపోయింది. ఈ రోజే అధ్యక్షుడు తెయిన్ సెయిన్ తన పదవీకాలంలో ఆ పని ఆపేస్తున్నట్టు ప్రకటించాడు. గట్టు మీది జనం, రంగూన్ రచయితలు, విదేశాల్లో చైనా రాయబార కార్యాలయాల ముందు నిలబడ్డ కాచిన్లు కలిసి సాధించిన అరుదైన గెలుపది. కానీ మీ వెనక కొండల్లో ఫిరంగులు ఆగలేదు. కాచిన్ సాయుధులకూ బర్మా సైన్యానికీ మధ్య పదిహేడేళ్ల కాల్పుల విరమణ జూన్ 9న తెగిపోయింది. ఆ యుద్ధం లక్ష మందికి పైగా జనాన్ని ఇళ్లు విడిచి శిబిరాలకు పోయేలా చేసింది.

రెండు చోట్లా మొదట్లో ఒక ఒప్పంద పత్రం ఉంది. 1947 ఫిబ్రవరి 12న పాంగ్‌లాంగ్‌లో బర్మా స్వాతంత్ర్య నాయకుడు ఆంగ్ సాన్‌తో కాచిన్, షాన్, చిన్ నాయకులు సంతకాలు చేశారు. సరిహద్దు ప్రాంతాలకు లోపలి పాలనలో పూర్తి స్వేచ్ఛ ఉంటుందని అందులో రాసుకున్నారు. అయిదు నెలలకే ఆంగ్ సాన్‌ను కాల్చి చంపారు. 1956 ఫిబ్రవరి 20న ఢిల్లీలో ఆంధ్ర, తెలంగాణ నాయకుల మధ్య పెద్దమనుషుల ఒప్పందం కుదిరింది, అదీ నిలవలేదు. అంతమాత్రాన ఈ రెండు కథలూ ఒకటి కావు. మనకు రాజ్యాంగంలో కొత్త రాష్ట్రాల ఏర్పాటుకు మూడో అధికరణం ఉంది, దాన్ని వాడగల పార్లమెంటు ఉంది. 2014 ఫిబ్రవరి 20న, పెద్దమనుషుల ఒప్పందం జరిగిన తేదీ నాడే, రాజ్యసభ తెలంగాణ బిల్లును ఆమోదించింది. బర్మా తొలి రాజ్యాంగం పదేళ్ల తర్వాత విడిపోయే హక్కును షాన్, కరెన్నీ రాష్ట్రాలకు ఇచ్చింది, కాచిన్లకు ఇవ్వలేదు. 1961లో వాళ్లు తుపాకీ పట్టారు.

వాళ్ల ప్రవాసులూ మనవాళ్లలాగే చేస్తారు. మనం బతుకమ్మ పేర్చినట్టు వాళ్లు మనౌ పండుగ స్తంభాలు నిలబెట్టి నాట్యమాడతారు, పార్లమెంటు సభ్యులను కలుస్తారు, శిబిరాల లెక్కలు రాస్తారు. తేడా తెలిసేది, బయటి దేశంలో నోరు విప్పినవాడు సొంత నేల మీద ఉన్నప్పుడు. 2019 జులైలో కాచిన్ బాప్టిస్టు నాయకుడు హ్కలాం సాంసన్ వైట్‌హౌస్‌లో ట్రంప్ ఎదుట నిలబడి, తన జనం సైన్యం కింద నలుగుతున్నారని రెండు ముక్కల్లో చెప్పాడు. ఆ మాటకు ఒక సైనికాధికారి కేసు పెట్టాడు. తర్వాత దాన్ని వెనక్కి తీసుకున్నారు. సైన్యం మళ్లీ గద్దెనెక్కాక, 2022 డిసెంబరులో మాండలే విమానాశ్రయంలో ఆయన్ను పట్టుకున్నారు. 2023 ఏప్రిల్‌లో ఆరేళ్ల శిక్ష వేశారు. ఏడాదికి క్షమాభిక్ష అని వదిలి, గంటల్లోనే మళ్లీ తీసుకుపోయారు. 2024 జులైలో గానీ ఆయన బయటికి రాలేదు.