పేరు పెట్టి పిలవడం: రెబెకా బెల్‌మోర్ ‘జాగరణ’లో సామూహిక దుఃఖం

పెర్ఫార్మెన్స్ కళను కళాకారుని వ్యక్తిగత దేహానుభవానికి ప్రకటనగా వివరించడం పరిపాటి. కెనడా ఆదివాసీ కళాకారిణి రెబెకా బెల్‌మోర్ కృషికి ఈ వివరణ చాలదు. ఆమె ప్రదర్శనల్లో దేహం ఒకరిది, దుఃఖం సమూహానిది.

1960లో ఒంటారియోలోని అప్సాలాలో జన్మించిన బెల్‌మోర్ అనిషినాబే జాతికి చెందినవారు. 1876 నాటి ఇండియన్ చట్టం ఆదివాసీ ఎవరన్న నిర్ణయాన్ని ప్రభుత్వానికి అప్పగించింది. ఆదివాసేతరుణ్ణి వివాహమాడిన స్త్రీ 1985 వరకు చట్టరీత్యా తన గుర్తింపును కోల్పోయేది. వసతి పాఠశాలలు లక్షన్నరకు పైగా పిల్లలను కుటుంబానికీ మాతృభాషకూ దూరం చేశాయి. 1990లో ఓకా వద్ద గోల్ఫ్ మైదాన విస్తరణకు వ్యతిరేకంగా మోహాక్ ప్రజలు 78 రోజులు నిలబడ్డారు. ఆ ఘటనకు స్పందనగా బెల్‌మోర్ 1991లో ఒక పెద్ద కొయ్య మెగాఫోన్‌ను రూపొందించి ఆదివాసీ సమూహాల మధ్యకు తీసుకువెళ్లారు. దాని ద్వారా వారు తమ నేలతోనే మాట్లాడారు.

2002లో వాంకూవర్‌లో ‘జాగరణ’ అనే అర్థమిచ్చే పేరుతో ఆమె చేసిన ప్రదర్శన ఈ ధోరణికి పరిణతి. డౌన్‌టౌన్ ఈస్ట్‌సైడ్ ప్రాంతంలో ఏళ్ల తరబడి స్త్రీలు అదృశ్యమవుతూ వచ్చారు. వారిలో ఆదివాసీ స్త్రీలు అనేకులు. పోలీసు దర్యాప్తు ఘోరంగా విఫలమైందని 2012లో విచారణ సంఘం నిర్ధారించింది. అంతకు పదేళ్ల ముందే బెల్‌మోర్ ఆ వీధిమూలనే వేదిక చేసుకున్నారు. నేలను కడిగి కొవ్వొత్తులు వెలిగించారు. చేతులపై రాసుకున్న పేర్లను ఒక్కొక్కటిగా ఎలుగెత్తి పిలుస్తూ, పేరుకొక గులాబీని ముళ్లతో సహా పళ్ల మధ్య నుంచి లాగారు. ఆపై తన ఎర్రని గౌనును స్తంభానికి మేకులతో దిగగొట్టి, అది చిరిగేలా పెనుగులాడి విడిపించుకున్నారు.

ఇందులో ప్రతి చర్యకూ ద్విముఖమైన అర్థం ఉంది. నేలను కడగడం శుద్ధి, అదే సమయంలో అక్కడ ఏదో జరిగిందన్న ఆరోపణ. పేరు పిలవడం సంతాపం, అదే సమయంలో మనుషులను సంఖ్యలుగా కుదించిన అధికార భాషకు ప్రత్యాఖ్యానం.

ప్రదర్శన ముగిశాక వీధి మళ్లీ మామూలు వీధే. అందుకే దాని వీడియో రూపానికి ప్రాధాన్యం. అదే ఏడాది రూపొందిన ‘పేరున్నవారు, పేరులేనివారు’ అనే కృతిలో ఆ దృశ్యాలు పడే తెరపై విద్యుద్దీపాలు వెలుగుతుంటాయి. చిత్రాన్ని చూడదలచినవారి కళ్లలో ఆ వెలుగు పడుతుంది, నిరాటంకమైన వీక్షణ సాధ్యం కాదు. పిలవగలిగిన పేర్లకు ఆవల పిలవలేనివి మిగిలాయని శీర్షికే అంగీకరిస్తున్నది.

ఈ దృష్ట్యా బెల్‌మోర్ కళలో స్వస్థత అంటే గాయం మానిపోవడం కాదు. ఒంటరిగా మోయవలసి వచ్చిన దుఃఖాన్ని బహిరంగ స్థలంలోకి తెచ్చి, దానికి సమాజాన్ని జవాబుదారీ చేయడం. న్యాయం జరగకముందే ఊరట ప్రకటించడానికి నిరాకరించడమే ఈ కృతుల చారిత్రక విలువ.