గుమ్‌షుదా ఆల్బమ్

ఉర్దూ మీడియంలో చదివినవాణ్ని కనుక గాలిబ్ నాకు బడిలోనే పరిచయం. దీవాన్ కూర్చేటప్పుడు బోలెడు షేర్లను ఆయనే పక్కన పెట్టేశాడని తెలిశాక, ఉన్నవాటి కంటే లేనివాటి మీదే నాకు షౌక్ పెరిగింది. ఆయన పోయి యాభై ఏళ్లు దాటాక, భోపాల్‌లో దొరికిన పాత రాతప్రతి 1921లో ‘నుస్ఖా-ఎ-హమీదియా’గా అచ్చయింది. రాక్ సంగీతంలోనూ ఇలాంటి తలాష్ ఒకటుంది. ఆ ఆల్బమ్ పేరు ‘స్మైల్’.

1966లో అమెరికా బ్యాండ్ బీచ్ బాయ్స్‌కు పాటలు కట్టే బ్రయన్ విల్సన్ వయసు ఇరవై నాలుగు. ‘పెట్ సౌండ్స్’, ‘గుడ్ వైబ్రేషన్స్’ ఆ ఏడాదే వచ్చాయి. తర్వాతి మన్సూబా ఇంకా పెద్దది. మాటలు వాన్ డైక్ పార్క్స్ రాశాడు. క్యాపిటల్ రికార్డ్స్ వాళ్లు అట్టలు కూడా అచ్చేశారు. ఆల్బమ్ మాత్రం రాలేదు.

నవంబరులో నిప్పు మీద ఒక బాణీ రికార్డు చేస్తూ వాద్యకారుల నెత్తిన బొమ్మ ఫైర్‌మ్యాన్ టోపీలు పెట్టించాడు బ్రయన్. ఆ రోజుల్లోనే దగ్గర్లో మంటలు లేస్తే, తన సంగీతమే అంటించిందేమోనని వణికిపోయాడు. బ్యాండ్‌లో తకరార్లు, కంపెనీతో కోర్టు దావా సరేసరి. 1967 మే నాటికి పని ఆగిపోయింది. సెప్టెంబరులో దాని బదులు ‘స్మైలీ స్మైల్’ అనే సాదాసీదా ఆల్బమ్ వచ్చింది.

దాస్తాన్ అక్కడే మొదలైంది. బ్రయన్ పాటను ముక్కలుగా రికార్డు చేసి, టేపు కోసి అతికేవాడు. ఏ ముక్క తర్వాత ఏది రావాలో తేలకుండానే వదిలేశాడు. దొంగచాటుగా ఆ టేపులు బయటికొచ్చాక, ప్రతి ఆషిఖ్ తన ‘స్మైల్’ తానే కుట్టుకున్నాడు. వినని ఆల్బమ్‌లో ఐబు ఎక్కడుంటుంది? మన హసరత్ ఎంతుంటే అదీ అంత గొప్పది!

మనకు దాస్తాన్ అయినది ఆయనకు మాత్రం జఖం. ఏళ్ల తరబడి మానసిక రోగంతో, మత్తుమందులతో నలిగిపోయాడు. గాలిబ్ తన షేర్లను మర్జీతో వదిలాడు, బ్రయన్ తన పాటలను భయంతో వదిలాడు. ఈ తేడా మరిచిపోయి మనం ఇంతెజార్‌లో మజా చూసుకున్నాం.

చివరికి 2004 ఫిబ్రవరిలో, లండన్ రాయల్ ఫెస్టివల్ హాల్లో బ్రయన్ ‘స్మైల్’ మొత్తం పాడాడు. పార్క్స్‌ను పిలిచి మిగిలింది పూర్తి చేయించుకున్నాడు. ముక్కల వరస తానే తేల్చాడు. 2011లో పాత టేపులు అధికారికంగా వచ్చినప్పుడు కూడా ఆ వరసే దారి చూపింది. తమ తలలో ఉన్న ‘స్మైల్’ దీనికంటే గొప్పదని కొందరన్నారు. ఉండొచ్చు. కానీ ఆ పాటల మీద మొదటి హక్కు ఆయనదే. 2025 జూన్‌లో బ్రయన్ కన్నుమూశాడని తెలిసినప్పుడు, ముప్ఫై ఏడేళ్ల బాకీ తానే తీర్చుకున్నాడు కదా అని కాస్త తసల్లీ కలిగింది.

ఫలానా ఆల్బమ్ అసలు రూపం దొరికిందట అంటే ఇప్పటికీ చెవులు రిక్కిస్తాను. అయితే ఇప్పుడు ముందు అడిగే ప్రశ్న వేరే: ఆ మనిషి దాన్ని మర్జీతో వదిలాడా, మజ్బూరీతోనా?