గుఱ్ఱము వెల యెంత?

బీజగణితమనగానే పలువురకు బడినాటి భయము జ్ఞప్తికి వచ్చును. అంకెలతో చేయు లెక్క అంగడిలో పనికివచ్చును. అక్షరములను కూడుటయు తీసివేయుటయు నెందులకని పిల్లలడుగుదురు. పెద్దలకు సమాధానము తోచక, సూత్రమును వల్లెవేయుమందురు. ఈ ప్రశ్నకు చరిత్రలో చక్కని సమాధానమున్నది. ఆ అక్షరముల వెనుక మొదట నున్నవి మనుష్యుల సొమ్ములు, అప్పులు, గుఱ్ఱముల వెలలు.

క్రీ. శ. 499 ప్రాంతమున వెలసిన ఆర్యభటీయములో, గణితపాదమున, ఒక చిన్న సూత్రము కలదు. ఇద్దరు మనుష్యులున్నారు. ఒక్కొక్కరి యొద్ద కొన్ని గుళికలును, కొంత రొక్కమును కలవు. ఇద్దరి మొత్తము సంపదయు సమానము. అట్లయినచో రొక్కముల భేదమును గుళికల భేదముచే భాగింపగా ఒక గుళిక వెల తెలియునని ఆర్యభటుడు చెప్పెను. వెల తెలియని వస్తువునకు గుళిక యని పేరు పెట్టి దానితో లెక్క సాగించుటయే ఇందలి విశేషము.

628లో బ్రహ్మగుప్తుడు బ్రాహ్మస్ఫుటసిద్ధాంతమును రచించెను. అప్పటికాతని వయస్సు ముప్పది యేండ్లు. అందలి పదునెనిమిదవ అధ్యాయమున ధనము, ఋణము, శూన్యము అను మూడింటికిని నియమములు విధించెను. రెండు ఋణములు కూడిన ఋణమే యగును. శూన్యమునుండి ఋణమును తీసివేసిన ధనమగును. ఋణమును ఋణముచే గుణించిన ధనము వచ్చును. అప్పు తీరుట సొమ్ము చేరుటతో సమానమని ఎఱిగిన గృహస్థునకు ఇందు వింత యేమియు లేదు.

భాస్కరాచార్యుడు 1114లో జన్మించి, ముప్పదియాఱవ యేట సిద్ధాంతశిరోమణిని వ్రాసెను. ఆయన బీజగణితమున మొదటి అవ్యక్తమునకు యావత్తావత్తు, అనగా 'ఎంతయో అంత' యని పేరు. తరువాతి వానికి కాలకము, నీలకము, పీతకము, లోహితకము అని రంగుల పేర్లు. వ్రాతలో యావత్తావత్తునకు 'యా' అనియు, తెలిసిన సంఖ్యకు 'రూ' అనియు గుర్తులు. ఋణసంఖ్యకు నెత్తిన చుక్క. సజాతీయములే కలియును, విజాతీయములు వేఱుగా నుండునన్నది కూడికకు నియమము. రెండు మామిడిపండ్లును మూడు కొబ్బరికాయలును కలిసి ఐదు మామిడిపండ్లు కానేరవు గదా!

ఆ గ్రంథమందలి ఒక లెక్కను చూతము. ఒకని యొద్ద 300 రూపములు, 6 గుఱ్ఱములు. రెండవవాని యొద్ద అదే వెలగల 10 గుఱ్ఱములు, కాని 100 రూపముల అప్పు. ఇద్దరును సమానధనులు. గుఱ్ఱము వెల యెంత?

ఇరువైపులను ఆఱేసి గుఱ్ఱములను తొలగింపుడు. ఒకవైపు 300 మిగులును. వేఱొకవైపు 4 గుఱ్ఱములు, 100 అప్పు. ఇరువైపులను నూఱేసి కలిపిన అప్పు తీరును. 4 గుఱ్ఱముల వెల 400. ఒక గుఱ్ఱము వెల 100. ఆఱువందల యేబదియేండ్ల క్రిందటి ఆర్యభటుని సూత్రమును ఈ ఫలమునే ఇచ్చును: రొక్కముల భేదము 400, గుఱ్ఱముల భేదము 4.

లెక్క అంతటితో ముగియలేదు. వచ్చిన విలువను అవ్యక్తము స్థానమున నిలుపవలెను. దీనిని ఉత్థాపనమందురు. మొదటివానికి 600, 300 కలిసి 900. రెండవవానికి 1000 నుండి 100 పోగా 900. ఇద్దరును సమానులైరి. ఇపుడు నమ్మకము కలిగినది.

ఇంట పిల్లలు చేయు లెక్కలకును ఈ పరీక్షయే శరణ్యము. తెలియని సంఖ్యకు మూడు కలిపి ఐదు రెట్లు చేయుడు. అందుండి, ఆ సంఖ్యకు నాలుగు తక్కువైన దానికి రెండు రెట్లు తీసివేయుడు. సంక్షేపింపగా, మూడు 'యా'లును 23ను మిగులును. తీసివేయుదానిలోనే రెండు నాలుగులు తక్కువ గనుక ఆ ఎనిమిది మనకే దక్కును. 15తో చేరి 23 అగును. ఇచ్చట పిల్లలు తొందరపడి 15 నుండి 8 తీసివేసి 7 వ్రాయుదురు. 'యా' విలువ 7 అనుకొని పరీక్షింపుడు. మొదటి రూపమున 50 నుండి 6 పోగా 44. సరియైన సంక్షేపమున 21, 23 కలిసి 44. తప్పినదానిలో 28 మాత్రమే. ఒక్క విలువ సరిపోయినంత మాత్రమున సంక్షేపము నిజమని తేలదు; ఒక్క విలువ తప్పినచో అది అబద్ధమని మాత్రము తేలిపోవును.

9వ శతాబ్దిలో బాగ్దాదునందు అల్ ఖ్వారిజ్మీ వ్రాసిన గ్రంథపు పేరులోని 'అల్ జబ్ర్' అను మాటనుండి ఆల్జీబ్రా యను పేరు పుట్టినది. ఆయన గుర్తులు లేక అంతయు మాటలతోనే చెప్పెను. 1591లో ఫ్రాన్సు దేశీయుడు వియెత్ తెలిసిన రాశులకును, తెలియని రాశులకును అక్షరములు వాడెను. తెలియనివానికి ఎక్స్, వై, జెడ్ అను నేటి వాడుక 1637 నాటి దెకార్త్ గ్రంథమునుండి వచ్చినది. మన తెలుగున పావులూరి మల్లన మహావీరాచార్యుని గణితసారసంగ్రహమును పద్యములుగా సంతరించి, లెక్కను కవితతో జోడించెను.

భాస్కరాచార్యుని అభిప్రాయమున బీజమనగా అక్షరములు కావు, బుద్ధియే బీజము. కావున బాలుడు పలకపై గుర్తు తప్పి వ్రాసినపుడు సూత్రము నప్పగింపుమని గద్దింపక, గుఱ్ఱము వెల యెంతయో అడుగుడు. వచ్చిన వెలను నిలిపి, ఇద్దరి సొమ్మును సరిచూడుమనుడు. తన లెక్కకు తానే సాక్ష్యము చెప్పగల బాలునకు బీజగణితము భయము గొల్పదు.