మూడేళ్లు ఎదురుచూసినవాడు

క్రీ.శ. 859. చైనాలో టాంగ్ వంశం పతనం వైపు జారిపోతోంది. గద్దె మీద చేతకాని చక్రవర్తి, కింద లంచగొండి అధికారులు. ఉన్నవాళ్లను దోచి లేనివాళ్లకు పంచే తిరుగుబాటు దళాలు ఊరూరా పుట్టుకొచ్చాయి. వాటిలో బలమైనది ఎగిరే కత్తుల దళం. నాయకుణ్ణి చంపినా అది చావలేదు. కొత్త నాయకుణ్ణి పది రోజుల్లో పట్టుకోవాలని లియు, జిన్ అనే ఇద్దరు రాజభటులకు హుకుం అందింది. 2004లో జాంగ్ ఇమౌ తీసిన ‘హౌస్ ఆఫ్ ఫ్లైయింగ్ డాగర్స్’ ఇక్కడ మొదలవుతుంది.

వేశ్యావాటికలో మెయ్ అనే అంధ నర్తకి ఉంది. చనిపోయిన నాయకుడి కూతురని అనుమానం. లియు ఆమెకు పరీక్ష పెడతాడు. చుట్టూ నిలబెట్టిన డప్పుల మీదికి గింజ విసురుతాడు. ఏ డప్పు మోగితే ఆ డప్పునే ఆమె నేలదాకా జారే అంగీ చేతులను విసిరి కొట్టాలి. చివరికి గిన్నెడు గింజలూ ఒక్కసారే చిమ్ముతాడు. ఆమె తడబడదు. మొదటిసారి చూసినప్పుడు అది నేరస్తురాలికి భటుడు పెట్టిన పరీక్ష. కథంతా తెలిశాక మళ్లీ చూస్తే గుండె పిండేస్తుంది. మూడేళ్లు దూరమైన ఇద్దరు ప్రేమికులు, నలుగురి ముందు ముక్కూమొహం తెలియనట్టు నటిస్తూ, డప్పుల మీదే పలకరించుకుంటున్నారు.

ఎందుకంటే మెయ్ అంధురాలు కాదు, నాయకుడి కూతురూ కాదు. లియు రాజు మనిషీ కాదు. దళం పంపగా మూడేళ్లుగా శత్రువు కొలువులో భటుడి వేషం వేస్తున్నవాడు. మెయ్‌ని బంధించాక, దళం జాడ పట్టేందుకు వేసిన పథకం ప్రకారం జిన్ ఆమెను చెర విడిపించి, రక్షకుడిగా నటిస్తూ వెంట నడుస్తాడు. సైన్యం చాటుగా వెంబడిస్తుంది. కానీ పైవాళ్లకు జిన్ ప్రాణం పూచికపుల్ల. నాటకంగా మొదలైన వేట నిజమైన చంపులాటగా మారుతుంది. వెదురు కొమ్మల మీద నుంచి సైనికులు చెక్కిన వెదురు ఈటెలు విసురుతుంటే, ప్రేమ నటిస్తున్న ఇద్దరికీ ఆ నటన చేతుల్లోంచి జారిపోతుంది. జాంగ్ జియీ, తకేషి కనెషిరోల మొహాల్లో ఆ మార్పు ఏ క్షణాన వచ్చిందో వేలెత్తి చూపించలేం.

ఈ సినిమా మీద నిజమైన మరణపు నీడ కూడా ఉంది. ముఖ్యపాత్రకు ఎంచుకున్న హాంకాంగ్ గాయని, నటి అనితా మ్యూయ్ తన సన్నివేశాలు తీయకముందే, 2003 డిసెంబరు 30న క్యాన్సర్‌తో కన్నుమూశారు. దర్శకుడు ఆ పాత్రకు మరొకరిని తేలేదు. కథనే మార్చుకుని, సినిమాను ఆమెకు అంకితమిచ్చాడు.

జనం జిన్ కోసం, మెయ్ కోసం కన్నీళ్లు పెట్టుకుంటారు. నా మనసు లియు దగ్గర ఆగిపోతుంది. ఆండీ లౌ ఆ పాత్రను ఎక్కువ మాటలు లేకుండా మోశాడు. లియు దళం కోసం మూడేళ్లు తనను తాను దాచుకున్నాడు. తన ప్రియురాలిని తనే మరొకడి వెంట పంపాడు. ఆ మూడేళ్లు, ఆమె జిన్‌తో గడిపిన మూడు రోజుల ముందు ఓడిపోయాయి. ఆ బాధలో మెయ్‌ని బలవంతం చేయబోతాడు. అది క్షమించలేని పని, సినిమా కూడా క్షమించదు. దళం కత్తే వచ్చి అతని వీపులో దిగుతుంది. దళానికి బందీగా చిక్కిన జిన్‌ను చంపమని పంపితే, మెయ్ అతని కట్లు కోసి వదిలేస్తుంది. తర్వాత ఆగలేక గుర్రమెక్కి అతని వెంట బయల్దేరుతుంది. దారికాచిన లియు కత్తి ఆమె గుండెల్లో దిగుతుంది.

ఇక మగవాళ్లిద్దరి పోరు. యుక్రెయిన్‌లో చిత్రీకరిస్తుండగా మంచు ముందే కురిసింది. జాంగ్ ఇమౌ దాన్ని కథలోకి తీసుకున్నాడు. అందుకే ఆకురాలు కాలంలో మొదలైన పోరు మంచులో ముగుస్తుంది. వాళ్లు కొట్టుకుంటుండగానే అటు సైన్యం దళం స్థావరం మీదికి కదులుతుంది. ఆ యుద్ధాన్ని మాత్రం దర్శకుడు చూపించడు. చూపించకపోవడమే సరైనదని నా నమ్మకం. అప్పటికి ఏ పక్షం గెలుపూ ఈ ముగ్గురికి అక్కరకు రాదు.

చనిపోయిందనుకున్న మెయ్ లేచి నిలబడుతుంది. జిన్‌ను చంపితే తన గుండెలోని కత్తి పెరికి లియు మీద విసురుతానంటుంది. పెరికితే రక్తం ఆగదు, తనూ దక్కదు. వద్దని జిన్ బతిమాలతాడు. లియు చెయ్యి విసురుతాడు. ఆమె కత్తి లాగేసి విసిరేస్తుంది, లియు గుండెకు గురిపెట్టి కాదు, జిన్ వైపు వస్తున్నదనుకున్న కత్తికి అడ్డంగా. కానీ లియు చేతి నుంచి వచ్చింది ఒక రక్తపుబొట్టు. అతను కత్తి వదలనే లేదు. ఆమె కూడా, చంపగలిగిన ఆ ఒక్క క్షణంలో, అతన్ని చంపలేదు. జిన్‌కు ఒడిలో పట్టుకుని ఏడవడానికి ఆమె మిగిలింది. లియుకు ఆ హక్కు కూడా లేదు.