చూడ్డానికేముంది ఇందూర్లో?

"నిజామాబాదా? అక్కడ చూడ్డానికేముందండీ?"

ఈ మాట ఊహ తెలిసినప్పటినుంచీ వింటున్నాను. హైదరాబాదులో మా కాలనీలో ఎవరైనా "మీదే ఊరు?" అని అడగడం, నేను చెప్పడం, వెంటనే ఈ ప్రశ్న వచ్చి పడడం. తాజ్ మహల్ ఉన్న ఊళ్లో పుట్టకపోవడం నా తప్పయినట్టు! మహా అయితే, "ఓ, పసుపు!" అంటారు. ఈసారి వెళ్లినప్పుడు మంచి కొమ్ములు రెండు కిలోలు పట్టుకురమ్మని పురమాయిస్తారు కూడా.

ఏ మాటకామాటే చెప్పుకోవాలి. నేనూ ఆ తానులో ముక్కనే. ఆదివారం పూట చార్మినార్ దగ్గర హెరిటేజ్ వాక్ అంటే ఎండనపడి వెళ్లి, లాడ్ బజారు మీదుగా చౌమహల్లా దాకా నడిచి, వారంరోజులు కాళ్లకి నూనె రాసుకున్నదాన్ని. అలాంటి నేను, పుట్టిన జిల్లాకి ముఖ్యపట్టణమైన నిజామాబాదులో మాత్రం స్టేషనూ, బస్టాండూ, మా అక్కయ్య ఇల్లూ తప్ప నాలుగో చోటు చూసిన పాపాన పోలేదు.

అందుకే మొన్న సంక్రాంతికి వెళ్లినప్పుడు అక్కయ్య, "రేపు పొద్దున మా మహిళామండలి వాళ్లం ఊరు చూడబోతున్నాం, వస్తావుటే?" అంటే నవ్వొచ్చింది. ముప్ఫయ్యేళ్లుగా కాపురం ఉంటున్న ఊరిని చూడబోవడమేమిటి! చరిత్ర పాఠాలు చెప్పి రిటైరైన ఒక సారు దగ్గరుండి తిప్పి చూపిస్తారట. మా బావగారు పేపరు లోంచి తలెత్తకుండానే, "కిల్లా గుట్ట ఎక్కి దిగడానికి గైడెందుకు? అక్కడ చూడ్డానికేముంది?" అన్నారు. ఆ మాట పరాయివాళ్లంటే ఏమోగానీ ఊళ్లోవాళ్లే అనేసరికి నాకు ఉక్రోషం వచ్చింది. వెంటనే చెప్పులు వెతుక్కున్నాను.

పొద్దున ఆరున్నరకి స్టేషను ముందు పదకొండుమంది చేరాం. సారుకి డెబ్బయ్యేళ్లుంటాయి. చేతిలో మైకూ లేదు, గొడుగూ లేదు. ఒక గుడ్డసంచీ, అందులో మంచినీళ్ల సీసా, అంతే. రాగానే చరిత్ర చెప్పలేదాయన. "ముందు మీరు చెప్పాలె. మీ ఇంటోళ్లు ఈ ఊరికి ఏ తొవ్వన వచ్చిన్రు?" అని అడిగారు.

భలే ప్రశ్న! ఒకావిడ మామగారు రైల్వే ఉద్యోగంతో వచ్చారట. ఇంకొకావిడవాళ్లు నాందేడ్ వైపునుంచి పత్తి వ్యాపారానికి. ఒకమ్మాయి, "మేము రాలేదు సార్, మేం ఎప్పటినుంచో ఇక్కడనే," అంది కొంచెం గర్వంగా. నా వంతు వచ్చింది. "మాది క్యాంపండీ, వర్ని వైపు," అన్నాను. "అంటే కాలువ తొవ్వన వచ్చిన్రు," అన్నారు సారు వేలు మడుస్తూ.

క్యాంపంటే మిలటరీ క్యాంపు కాదులెండి. మంజీర మీద అచ్చంపేట దగ్గర నిజాంసాగర్ ఆనకట్ట 1923లో మొదలుపెట్టి 1931కి పూర్తిచేశారు. దాని రూపశిల్పి నవాబ్ అలీ నవాజ్ జంగ్. రెండుమూడు లక్షల ఎకరాలకి నీళ్లొచ్చాయి గానీ, కాలువకింద వరీ చెరుకూ పండించడం తెలిసిన చేతులు చాలలేదు. కృష్ణా గుంటూరు జిల్లాల రైతులు ఉన్న రెండెకరాలూ అమ్ముకుని ఇక్కడికొచ్చి పదెకరాలు కొనుక్కున్నారు. ముందు గుడిసెలు వేసుకున్నారు, తర్వాత అవే ఊళ్లయ్యాయి. ఇప్పటికీ వాటి పేర్ల చివర 'క్యాంపు' అని ఉంటుంది. మా తాతయ్య అలా వచ్చిన మనిషే.

సరే, స్టేషను ఎదుటే మొదటి పాఠం. ఈ ఊరి అసలు పేరు ఇందూరు. రాష్ట్రకూటుల కాలపు ఇంద్రుడనే రాజు పేరుమీద వచ్చిందంటారు. పోయిన శతాబ్దం మొదట్లో సికింద్రాబాదునుంచి మన్మాడుకి రైలుదారి పడ్డాక స్టేషనుకి నిజాం పేరు పెట్టారు. స్టేషను పేరే ఊరి పేరయి కూర్చుంది. "టికెట్టు మీద ఏం రాస్తే గదే ఊరు," అని నవ్వారు సారు. పల్లెల్లో పెద్దవాళ్లు మాత్రం ఇప్పటికీ "ఇందూరు పోయొస్త" అంటారు.

గాంధీచౌకు దాటి, పెద్దబజారు మీదుగా కిల్లా వైపు నడిచాం. సందుల్లో వాకిళ్లముందు ఆడవాళ్లు చాటలు ఒళ్లో పెట్టుకుని బీడీలు చుడుతున్నారు. ఆకు కత్తిరించడం, తంబాకు వేయడం, చుట్టడం, దారం కట్టడం. మాతో మాట్లాడుతూనే ఉన్నారు, చేతులు మాత్రం ఆగలేదు. మాలో ఒకావిడ, "ఇది కూడా హెరిటేజేనా సార్?" అని వేళాకోళమాడింది. సారు నవ్వలేదు. "ఈ జిల్లాల ఎన్నో పొయ్యిలు గీ చాట మీదనే మండుతున్నయమ్మా," అన్నారు.

కిల్లా అంటే ఊరిని ఆనుకున్న గుట్టమీది కోట. కింద రఘునాథ చెరువు, పైన రఘునాథాలయం. కోటకి మొదట రాయి వేసింది రాష్ట్రకూటులంటారు. 1311లో ఖిల్జీ సేనలు పట్టుకున్నాయి. తర్వాత కుతుబ్ షాహీలు, ఆ తర్వాత ఆసఫ్ జాహీలు. ఇప్పుడు కనిపించే బురుజులు ఆ చివరివాళ్లవి. రాజుల జాబితా సారు ఒక్క నిమిషంలో ముగించేశారు. పరీక్షకి చదివేటప్పుడు ఇలాంటి మాస్టారు దొరికుంటే నాకు ఇంకో పది మార్కులు వచ్చేవి.

ఒక గోడ దగ్గర మాత్రం ఆగిపోయారు. మామూలు గోడ. ఎన్ని సున్నాలు తాగిందో.

ఈ కోటనే చాలాకాలం జైలుగా వాడారు. ఇప్పుడు జైలు ఇక్కడినుంచి తరలిపోయింది గానీ, 1947, 48లలో నిజాం పాలనని ఎదిరించినవాళ్లని ఇక్కడే బంధించారు. వాళ్లలో ఒకడు ఇరవై రెండేళ్ల కుర్రవాడు, దాశరథి కృష్ణమాచార్య. ఖైదీకి కాగితమివ్వరు, కలమివ్వరు. పళ్లు తోముకోవడానికి బొగ్గు మాత్రం ఇస్తారు. ఆ బొగ్గుతో గోడలమీద పద్యాలు రాశాడాయన. తోటి ఖైదీ వట్టికోట ఆళ్వారుస్వామి. చిన్నప్పుడు ఇళ్లలో వంటపని చేసుకుంటూ చదువు నేర్చుకుని, 1938లో దేశోద్ధారక గ్రంథమాల పెట్టి, ఇల్లిల్లూ తిరిగి పుస్తకాలమ్మిన మనిషి. ఈ జైలు బతుకులే తర్వాత ఆయన చేతిలో 'జైలు లోపల' కథలయ్యాయి. దాశరథి 1949లో వచ్చిన తన తొలి పుస్తకం 'అగ్నిధార'ను ఆళ్వారుస్వామికే అంకితమిచ్చారు.

"రాసింది ఈ గోడమీదనేనా సార్?" అని అడిగాను ఆత్రంగా.

"ఏ గోడో నేనెట్ల చెప్తనమ్మా? ఆ రాత ఇప్పుడు లేదు. గోడలైతే ఉన్నయి," అన్నారాయన.

మేం పదకొండుమందిమీ ఆ వట్టి గోడకేసి చూస్తూ నిలబడ్డాం. అంతకుముందు సెల్ ఫోన్లతో బురుజులకి ఫోటోలు తీసినవాళ్లెవరూ గోడకి తీయలేదు. ఏముందని తీస్తారు! కానీ అక్కడినుంచి కదలడానికి మాత్రం ఎవరికీ కాళ్లు రాలేదు.

మెట్లు దిగుతుంటే ఇందాకటి అమ్మాయి, "పొద్దుట్నించి అందరూ మగవాళ్లే సార్. ఈ కథల్లో ఆడవాళ్లు లేరా?" అంది. మా అక్కయ్య నన్ను మోచేత్తో పొడిచింది, ఆ ప్రశ్న నేనెందుకు అడగలేదని కాబోలు.

ఉన్నారు. ఇసబెల్ కెర్ అని స్కాట్లండునుంచి వచ్చిన డాక్టరమ్మ. ఊరివాళ్లు గడప ఎక్కనివ్వని కుష్ఠురోగుల కోసం 1915లో డిచ్‌పల్లిలో ఆస్పత్రి పెట్టింది. ఆ ఆస్పత్రికి డబ్బిచ్చి నిలబెట్టింది ఇక్కడి రాజా నర్సాగౌడ్. 1932లో చనిపోయేదాకా ఆవిడ వదలకుండా ఆ సేవలోనే ఉంది. "ఇంకొకామె ఉన్నది. కానీ ఆమె ఇక్కడిదాకా రాలేదు. ఆమె కథ వినాలంటే బోధన్ రావాలె," అని ఊరించారు సారు.

వంటలూ భోజనాలూ ముగించుకుని మళ్లీ బయల్దేరేసరికి ఆరుగురమే మిగిలాం. జానకంపేట, ఎడపల్లి దాటి బస్సు బోధన్ చేరింది. క్రీస్తుకి పూర్వం ఆరో శతాబ్దం నాటికి మనదేశంలో పదహారు మహాజనపదాలుండేవని చిన్నప్పుడు చదువుకున్నాం, గుర్తుందా? వాటిలో వింధ్యకి దక్షిణాన ఉన్నది ఒక్కటే, గోదావరి ఒడ్డున అశ్మకం. దాని రాజధాని పోదన నగరం ఈ బోధనేనని చాలామంది చరిత్రకారులు చెబుతారు. చెరుకుబళ్లు తప్ప మరేమీ ఎరగని ఊరనుకున్నాను నేను!

దేవల్ మసీదు చూశాం. నక్షత్రం ఆకారంలో ఉన్న కట్టడం పాత ఆలయానిది. నమాజు మసీదుది. కొన్ని స్తంభాలమీద జైన తీర్థంకరులు. ఎవరిది ఏది అని వాదించుకోవడానికి పనికొచ్చే చోటే, కానీ ఆ మధ్యాహ్నం అక్కడ చల్లగా ఉంది. సారు కథ మొదలుపెట్టారు.

పదో శతాబ్దంలో గంగరాజుల మంత్రి చావుండరాయడు. ఆయన తల్లి కాళలాదేవి. పోదనపురంలో భరతచక్రవర్తి తన తమ్ముడు బాహుబలికి బంగారు విగ్రహం నిలిపాడని ఆమె విన్నది. దాన్ని చూసేదాకా పాలు ముట్టనని ఒట్టుపెట్టుకుందట. కొడుకు తల్లిని వెంటబెట్టుకుని బయల్దేరాడు. తీరా దారిలో తెలిసిందేమిటంటే, ఆ విగ్రహం ఇప్పుడెవరికీ కనిపించదు, కోడితలల పాములు దాన్ని చుట్టుముట్టి ఉన్నాయని. శ్రవణబెళగొళలో ఆగిపోయారు. తల్లికి చూపించడానికి ఆ కొడుకు అక్కడి కొండనే విగ్రహంగా తొలిపించాడు. 981 ప్రాంతంలో వెలిసిన ఆ 58 అడుగుల గోమఠేశ్వరుడిని చూడ్డానికి ప్రపంచమంతా వెళుతుంది. ఆమె చూడాలనుకున్న ఊరికి మేం ఆరుగురం వచ్చాం.

చివరికి శక్కర్ నగర్. 1937లో పెట్టిన నిజాం షుగర్ ఫ్యాక్టరీ ఒకనాడు ఆసియాలోకెల్లా పెద్దదని పేరు. నా చిన్నప్పుడు చెరుకు సీజనులో గాలి ఇటు తిరిగితే బట్టలకి కూడా బెల్లం వాసనొచ్చేది. 2002లో ఎక్కువ వాటా ప్రైవేటువాళ్లకి వెళ్లింది, 2015 డిసెంబరులో మూతపడింది. గొట్టాలు మాత్రం నిలబడి ఉన్నాయి. గేటు పక్క టీ కొట్టతను సారుని గుర్తుపట్టి డబ్బులు తీసుకోలేదు.

బస్సులో సారు నా పక్క సీట్లో కూర్చున్నారు. "కాలువ తొవ్వన వచ్చిన్రన్నరు గదా. అప్పుడు మీవాళ్లకి ఇక్కడ నిలువనీడ ఇచ్చిందెవరు?" అన్నారు.

జవాబు తెలుసు నాకు. మా ఇంట్లో ఎన్నిసార్లు చెప్పుకున్న కథో! 1940లలో అమ్మమ్మ చంటిపిల్లవాడితో బెజవాడనుంచి రెండు రైళ్లు మారి వచ్చింది. వచ్చిన నెలకే మలేరియా జ్వరం. ఒళ్లు తెలియని ఆ వారంరోజులూ పక్క ఊరి పడుచు ఒకామె మా పెద్దమామయ్యకి తన బిడ్డతోపాటు పాలిచ్చింది. తర్వాత అమ్మమ్మకి జొన్నరొట్టె కొట్టడం నేర్పింది. అందుకే మావాళ్లు ఆమెని 'రొట్టెలక్క' అంటారు.

"పేరు?" అన్నారు సారు.

ఇంటికి రాగానే అమ్మకి ఫోన్ చేశాను. అమ్మ చాలాసేపు ఆలోచించింది. "రొట్టెలక్కేనే. రొట్టెలక్క అనే పిలిచేవాళ్లం," అంది.

"అదికాదమ్మా, ఆవిడ పేరు."

"ఏమోనే. మీ అమ్మమ్మకి తెలిసే ఉంటుంది." అమ్మమ్మ పోయి పంతొమ్మిదేళ్లయింది. "పెద్దన్నయ్య నడిగి చెప్తాను," అంది మళ్లీ. అరగంటకి ఆవిడే ఫోన్ చేసింది. మామయ్యకీ తెలియదట.

మర్నాడు పొద్దున బావగారు కాఫీ తాగుతూ, "అయితే ఏం చూశారేమిటి?" అన్నారు. అక్కయ్య నా మొహంకేసి చూసింది. "గోడ," అన్నాను. ఆయన ఇంకా నవ్వుతూనే ఉన్నారు, నేను క్యాంపుకి పోయే బస్సు ఎన్ని గంటలకో అడిగాను.