మంచి జడ్జి, రెండు ఉరితాళ్లు

నా పిహెచ్.డి. వైవాలో ఒక పరీక్షకురాలు అడిగిన ప్రశ్న నాకింకా గుర్తుంది. "భూమయ్య, కిష్టాగౌడ్ మీద వచ్చిన కవిత్వాన్ని ఇంతగా విశ్లేషించావు కదమ్మా, వాళ్ల ఉరిని ఆపలేమన్న సుప్రీంకోర్టు తీర్పు చదివావా?" చదవలేదు. తెలుగు సాహిత్యంలో వాళ్లిద్దరూ అమరులు. అమరుల్ని పద్యాల్లో వెతకడం నాకు నేర్పారు గానీ తీర్పుల్లో వెతకడం నేర్పలేదు. డాక్టరేటు చేతికొచ్చింది, ప్రశ్న మాత్రం ముల్లులా లోపలే ఉండిపోయింది.

మాది కరీంనగర్. మా పెద్దమ్మది లక్సెట్టిపేట. రాయపట్నం దగ్గర గోదావరి దాటితే వాళ్ల ఊరి దారి వస్తుంది. 2016లో జిల్లాల్ని ముక్కలు చేసినప్పుడు ఆ ఊరు మంచిర్యాల జిల్లాలోకి పోయింది గానీ, పెద్దమ్మ నోట ఇప్పటికీ ఆదిలాబాదే. తీర్పు చదివాక ఆమె దగ్గరికి వెళ్లి, 1975 డిసెంబరు గుర్తుందా అని అడిగాను.

"గా ఎమర్జెన్సీల ఎవలు మాట్లాడుతరు బిడ్డా? మీ పెద్దబాపు అంగడి నుంచి వచ్చి, తలుపు దగ్గరకేసి చెప్పిండు, మన జిల్లోల్లను ఇద్దర్ని ఉరి దీసిండ్రంట అని. గా మాట ఇనుకుంట నిలవడితే పొయ్యి మీద అన్నం మాడింది. గదే నాకు యాదికున్నది."

చరిత్ర ఆడవాళ్లకు ఇలాగే అందుతుంది కాబోలు. దగ్గరకేసిన తలుపు వెనకా, మాడిన అన్నం వాసనలోనూ.

భూమయ్య, కిష్టాగౌడ్ ఆదిలాబాద్ జిల్లా రైతాంగ ఉద్యమంలోంచి వచ్చినవాళ్లు. భూస్వామి హత్య కేసులో డెబ్భైల మొదట్లో వాళ్లకు మరణశిక్ష పడింది. హత్యను నేను హత్యనే అంటాను, దానికి ఇంకో పేరు పెట్టను. అయితే ఆ హత్య వెనక భూమి ఉంది, వెట్టి ఉంది, దొర గడీ ఉంది. 1974లో ఏర్పడిన ఆంధ్రప్రదేశ్ పౌరహక్కుల సంఘం, న్యాయవాది కన్నబిరాన్, రచయితలు, ఇంకా ఎందరో ఈ ఇద్దరి ప్రాణాల కోసం పోరాడారు. ఒకసారి ఉరి చివరి ఘడియల్లో ఆగింది కూడా. తర్వాత విషయం సుప్రీంకోర్టుకు చేరింది. రాష్ట్రపతి క్షమాభిక్ష నిరాకరించడం సరికాదనీ, సొంత లాభం కోసం కాక రాజకీయ విశ్వాసంతో చేసిన నేరాన్ని వేరుగా చూడాలనీ వాళ్ల తరపు వాదన. 1975 నవంబరులో కోర్టు ఆ వాదనను తోసిపుచ్చింది. డిసెంబరు 1న ముషీరాబాద్ జైల్లో ఇద్దర్నీ ఉరితీశారు.

ఆ తీర్పు రాసిన న్యాయమూర్తి పేరు చూసి నేను కాసేపు ఆగిపోయాను. వి.ఆర్.కృష్ణయ్యర్. 1957 నాటి కేరళ తొలి కమ్యూనిస్టు ప్రభుత్వంలో మంత్రి. ఖైదీల హక్కుల గురించీ, పేదల న్యాయం గురించీ మనం ఎవరి పేరు చెప్పుకుంటామో ఆ మనిషే. మరణశిక్షను జీవితాంతం వ్యతిరేకించిన మనిషి కూడా.

అత్యున్నత న్యాయస్థానాన్ని రాజకీయాలు ఎలా ప్రభావితం చేస్తాయన్న చర్చ వచ్చినప్పుడల్లా మనం ఎవరు ఎవరికి ఫోను చేశారన్న దగ్గర ఆగిపోతాం. ఈ కేసులో అలాంటి ఫోను కోసం వెతకడం వృథా అని నాకనిపిస్తుంది. ఆ కాలాన్ని వరసగా పేర్చి చూస్తే చాలు. 1973 ఏప్రిల్‌లో కేశవానంద భారతి కేసులో పార్లమెంటు అధికారానికి హద్దు గీసిన మర్నాడే, ముగ్గురు సీనియర్ న్యాయమూర్తుల్ని దాటేసి ఎ.ఎన్.రేని ప్రధాన న్యాయమూర్తిని చేశారు. జడ్జీల సామాజిక దృక్పథాన్ని కూడా ప్రభుత్వం చూస్తుందని మంత్రి మోహన్ కుమారమంగళం పార్లమెంటులో దాపరికం లేకుండానే చెప్పారు. కృష్ణయ్యర్ సుప్రీంకోర్టుకు వచ్చింది ఆ ఏడే. అంటే, పేదల పక్షం నిలబడే జడ్జి ఢిల్లీ చేరడానికీ, ప్రభుత్వానికి ఎదురు నిలిచిన జడ్జీలు ఇంటికి పోవడానికీ తలుపు తీసిన గాలి ఒకటే. ఈ ఇరకాటాన్ని మనం ఒప్పుకోవాలి.

ఇక 1975. జూన్ 12న అలహాబాద్ హైకోర్టు ఇందిరాగాంధీ ఎన్నికను రద్దు చేసింది. జూన్ 24న ఆమెకు షరతులతో కూడిన స్టే ఇచ్చింది సెలవుల జడ్జిగా ఉన్న కృష్ణయ్యరే. ఆమె కోరినంత ఇవ్వలేదు. మర్నాడు రాత్రి ఎమర్జెన్సీ. నవంబరు 7న ఆమె ఎన్నిక చెల్లుతుందని సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. నవంబరు 10న కేశవానంద తీర్పును తిరగదోడడానికి పదమూడుమంది జడ్జీల బెంచి కూర్చుంది, 12న రే దాన్ని ఉన్నట్టుండి రద్దు చేశారు. ఆ నెల్లోనే, ఆ భవనంలోనే, ఆదిలాబాద్ జిల్లా మనుషులిద్దరి ప్రాణం చర్చకు వచ్చింది. దేశం చూపంతా ప్రధానమంత్రి కుర్చీ మీద ఉంది.

తీర్పు ఏం చెప్పింది? నాకర్థమైనంతలో మూడు విషయాలు. క్షమాభిక్ష రాష్ట్రపతి అధికారం, కోర్టు ఆయన స్థానంలో కూర్చోలేదు. ఎంత పెద్ద హోదాలో ఉన్నవారైనా అధికారాన్ని నిజాయితీగా, వివేకంతో వాడాలి, విపరీతమైన దుర్వినియోగం జరిగితే మాత్రమే కోర్టు కలగజేసుకోవచ్చు, ఇక్కడ అది లేదు. ఒకసారి నిరాకరించినంత మాత్రాన క్షమించే అధికారం అయిపోదు, కాబట్టి మళ్లీ రాష్ట్రపతినే అడగవచ్చు. నేరం రాజకీయమైనదా కాదా అన్నది తూచే పని కోర్టు తన నెత్తిన వేసుకోలేదు.

చదువుతుంటే ఆ తీర్పులో ఒక బాధ వినిపిస్తుంది, కాదనను. ఉరిని ఇష్టపడని చెయ్యి ఉరికి అడ్డు తొలగించిన తీర్పు అది. కానీ అందులోనే నన్ను నిద్రపోనివ్వని సంగతి ఒకటుంది. రాష్ట్రపతి సొంతంగా నిర్ణయాలు తీసుకోరనీ, మంత్రివర్గం సలహా ప్రకారమే నడుచుకుంటారనీ 1974లో శంషేర్ సింగ్ కేసులో విడమరిచి రాసిన జడ్జీల్లో కృష్ణయ్యర్ ఒకరు. అలాంటప్పుడు 1975 నవంబరులో 'రాష్ట్రపతినే అడగండి' అంటే అర్థమేమిటి? ఎమర్జెన్సీ పెట్టిన మంత్రివర్గాన్నే అడగమని. ఎవరిని వ్యతిరేకించినందుకు జైళ్లు నిండాయో వాళ్లనే దయ చూపమని. ఇది రాజకీయ ప్రశ్న, మాది కాదు అని కోర్టు పక్కకు జరగ్గానే ఆ ప్రశ్న రాజకీయాధికారం ఒళ్లో పడింది. తప్పుకోవడం కూడా ఒక పక్కన నిలబడటమే. ఈ తప్పుకోవడం ఎంతవరకు పోగలదో 1976 ఏప్రిల్ 28న దేశమంతా చూసింది. ఎమర్జెన్సీలో అక్రమంగా నిర్బంధించినా కోర్టుకు వెళ్లే హక్కు లేదని నలుగురు జడ్జీలు అన్నారు. కాదన్న ఒక్క హెచ్.ఆర్.ఖన్నాకు ప్రధాన న్యాయమూర్తి పదవి దక్కలేదు. ఆ తీర్పు తప్పని సుప్రీంకోర్టు స్పష్టంగా కొట్టివేయడానికి 2017 దాకా పట్టింది.

ఇక్కడ ఇంకో తీర్పును పక్కన పెట్టి చదవాలి. 1974 ఫిబ్రవరిలో, అంటే ఇరవై ఒక్క నెలల ముందు, ఇదే కృష్ణయ్యర్ ఒక తెలుగు స్త్రీకి మరణశిక్ష తప్పించారు. ఈడిగ అనమ్మ కేసు. ఒక స్త్రీనీ, ఆమె పసిబిడ్డనూ చంపిన నేరం. నేరం క్రూరమైనదని తీర్పే ఒప్పుకుంది. అయినా ఆమె వయసు ఇరవై నాలుగనీ, అత్తింటివాళ్లు వెళ్లగొట్టారనీ, చిన్న కొడుకు ఉన్నాడనీ, రెండేళ్లకు పైగా ఉరి నీడలో బతికిందనీ లెక్కలోకి తీసుకుని శిక్షను యావజ్జీవంగా మార్చింది. నేరాన్నే కాదు, నేరం చేసిన మనిషినీ చూడాలన్న ఆలోచన మన న్యాయశాస్త్రంలో వేళ్లూనడానికి ఆ తీర్పు ఎంతో దోహదం చేసింది.

స్త్రీవాదులుగా మనకు ఆ తీర్పు ఇబ్బందికరమే. ఆమె స్త్రీత్వాన్నీ, ఆమె లైంగికత అదుపు తప్పిందనే అర్థాన్నిచ్చే మాటనూ దయకు కారణాలుగా చూపింది. అబల, పరిత్యక్త, తల్లి. పితృస్వామ్యం దగ్గర ఎప్పుడూ సిద్ధంగా ఉండే చట్రం. అనమ్మ అందులో ఒదిగింది కాబట్టి బతికింది. నేనా మాటల్ని విమర్శిస్తూ ఒక పేపరు రాశాను. రాశాక సిగ్గేసింది కూడా. నేను తప్పుపట్టిన ఆ మాటలే ఒక స్త్రీ మెడ మీది తాడును విప్పాయి మరి.

ఇప్పుడు రెండు తీర్పుల్నీ కలిపి చదవండి. పేర్లను బట్టి చూస్తే కిష్టాగౌడ్‌దీ, ఈడిగ అనమ్మదీ కల్లుగీత కులాలే. ఒకరు తెలంగాణ, ఒకరు రాయలసీమ వైపు వాడుకలో ఉన్న పేరుతో. అనమ్మ విషయంలో కోర్టు ఒక ఇంటిని చూసింది, గెంటివేతను చూసింది, బిడ్డను చూసింది. భూమయ్య, కిష్టాగౌడ్ విషయంలో చర్చంతా అధికారాల హద్దుల గురించి. అది అప్పీలు, ఇది క్షమాభిక్ష పిటిషను, ప్రశ్న వేరు కాబట్టి జవాబూ వేరని న్యాయవాదులు అంటారు. నిజమే. కానీ అత్తింటి గెంటివేత మనిషిని ఎక్కడికి నెడుతుందో ఊహించగలిగిన న్యాయం, దొర గడీ మనిషిని ఎక్కడికి నెడుతుందన్న దగ్గరికి వచ్చేసరికి 'అది రాజకీయం' అని ఎందుకు ఆగిపోయింది? ఇంటి లోపలి హింస దయకు పాత్రం, పొలంలోని హింస రాజకీయం. ఇంటికీ రాజకీయానికీ మధ్య గీసిన ఈ గీత మనకు పాత పరిచయమే. ఆ గీత మనల్ని ఇంట్లో కూర్చోబెట్టిందని మనం ఇన్నాళ్లూ చెప్పుకున్నాం. అదే గీత ఇద్దరు మగవాళ్లను ఉరికంబం దాకా నడిపించిందని నాకు ఇప్పుడు తెలిసింది.

ఆ గీత కదలనిదేమీ కాదు. 2006లో ఆంధ్రప్రదేశ్ నుంచే వెళ్లిన ఏపూరు సుధాకర్ కేసులో, అధికార పార్టీ నాయకుడికి గవర్నరు ఇచ్చిన శిక్ష తగ్గింపును సుప్రీంకోర్టు కొట్టేసింది. ఆయన మంచి పార్టీ కార్యకర్త అన్న మాట ఫైల్లోకి ఎక్కింది. రాజకీయ కారణాలతో ఇచ్చే క్షమను తాము పరిశీలించవచ్చని కోర్టు ఈసారి గట్టిగా చెప్పింది. ఆ తీర్పు మంచిదే. నా మనసు మాత్రం వెనక్కి, 1975కి పోయింది. రాజకీయం ఒకరిని విడిపిస్తే పరిశీలించవచ్చు. రాజకీయం ఇద్దరిని ఉరితీస్తుంటే?

ఆ పాత తీర్పులోని ఒక్క మాట మాత్రం వృథా పోలేదు. ఒకసారి నిరాకరిస్తే అధికారం అయిపోదన్న మాట. 1993 చిలకలూరిపేట బస్సు దహనం కేసులో ఇద్దరు దళిత యువకులకు ఉరిశిక్ష ఖాయమై, రాష్ట్రపతి క్షమాభిక్ష నిరాకరించాక, 1997లో మహాశ్వేతాదేవి లాంటి రచయితలు, హక్కుల సంఘాలు మళ్లీ తలుపు తట్టారు. ఉరి ఆగింది. 1998లో రాష్ట్రపతి కె.ఆర్.నారాయణన్ కాలంలో శిక్ష యావజ్జీవంగా మారింది. భూమయ్య, కిష్టాగౌడ్‌లకు పనికిరాని తలుపు గుండా ఇంకో ఇద్దరు బతికి బయటపడ్డారు. ఆ తలుపు దానంతటదే తెరుచుకోలేదు. బయట నిలబడి తట్టినవాళ్లున్నారు. అదీ రాజకీయమే.

ఇదంతా నాకు చేతనైనంతలో పెద్దమ్మకు చెప్పాను. ఆమె పప్పు ఏరుతూ విన్నది. చివర ఒకే ఒక్కటి అడిగింది.

"జడ్జి మంచోడే అంటివి గద బిడ్డా. మరి మంచోడు గూడ ఎందుకు ఆపలే?"

వైవాలో అడిగినదానికన్నా ఇది కష్టమైన ప్రశ్న. మంచితనం సరిపోదు పెద్దమ్మా, ఏది తన పని, ఏది తన పని కాదు అన్నది ఎవరు నిర్ణయిస్తున్నారో కూడా చూడాలి అన్నాను. ఆమె చాటలోని రాళ్లను ఒక పక్కకు నెట్టింది.

"మా ఇంట్ల గూడ అంతే ఉండె. మీ పెద్దబాపు మంచోడే. భూమి పంచుడు కాడికి వస్తె, ఆడోల్లకు గదెందుకు అనేటోడు."

నా వ్యాసం అక్కడే పూర్తయిందని నాకనిపించింది. రాసుకున్న కాగితాలు పక్కన పెట్టి, ఆమెతో పాటు కూర్చుని పప్పు ఏరాను.